గడ్డం గురించి మూడు పేజీలు, నెలసరి గురించి ఒక్క వాక్యం

గుంటూరు జిల్లా నుంచి ఒక పాఠకురాలు చాలా వివరంగా ఉత్తరం రాశారు. పేరు, ఊరు వద్దన్నారు. వయసు 25. ప్రైవేటు జూనియర్ కాలేజీలో కామర్స్ చెబుతారు. పదిహేడో ఏట గడ్డం కింద నాలుగైదు నల్లటి వెంట్రుకలు కనిపించాయట. ఇప్పుడవి మెడ పక్కలదాకా పాకాయి, పైపెదవి మీద కూడా వచ్చాయి. రోజూ తెల్లవారుజామున ఇంట్లో ఎవరూ లేవకముందే లేచి, కిటికీ దగ్గర చేతి అద్దం పెట్టుకుని, నలభై నిమిషాలపాటు ప్లక్కర్‌తో ఒక్కొక్కటీ పీకుతారు. పీకినచోటల్లా చిన్న చిన్న పొక్కులు లేచి, తగ్గాక నల్లమచ్చలు మిగులుతున్నాయి. ఐదు నెలలుగా చెంపల మీద, కణతల దగ్గర కూడా మెత్తటి వెంట్రుకలు పొడుగ్గా పెరుగుతున్నాయి.

పోయిన నెల క్లాసులో వెనక బెంచీ కుర్రాడు ఒకడు "మేడమ్‌ని అడిగి ట్రిమ్మర్ తెచ్చుకోరా" అన్నాడట. క్లాసంతా నవ్వింది. "బెల్లు కొట్టేదాకా బోర్డు వైపే తిరిగి బ్యాలెన్స్ షీట్ వేస్తూ ఉండిపోయాను" అని రాశారు.

మాఘమాసంలో పెళ్లి. అంటే ఇంకా ఐదు నెలలుంది. అబ్బాయి హైదరాబాద్‌లో ఉద్యోగం. రోజూ వీడియో కాల్‌లో మాట్లాడుకుంటారు, ఈమె మాత్రం లైటు వెనక పడేలా కూర్చుంటారు. ఒక లేజర్ సెంటర్ వాళ్లు ఆరు సిట్టింగుల ప్యాకేజీ తీసుకుంటే శాశ్వతంగా పోతాయని, దసరాలోపు డబ్బు కడితే తగ్గింపు ఉందని చెప్పారు. అమ్మేమో డాక్టర్ దగ్గరికి వద్దంటున్నారు. "హార్మోన్ మాత్రలు మింగితే పిల్లలు పుట్టరు. పెళ్లయితే అవే సర్దుకుంటాయి. మీ మేనత్తకీ ఇలాగే ఉండేది, ఆవిడ కాపురం చేయలేదా?" అంటారట. నాన్నకు షుగర్ ఉంది. ఇరవై ఒకటేళ్ల తమ్ముడికి గడ్డం సరిగా రాలేదు. దాంతో చుట్టాల్లో ఒక మాట స్థిరపడిపోయింది: "వాడికి రావాల్సింది దీనికొచ్చింది." తమ్ముడు గడ్డం కోసం మినాక్సిడిల్ (వెంట్రుకలు పెరగడానికి రాసుకునే మందు) తెచ్చుకుంటే, తనకు పాపిడి దగ్గర జుట్టు పలచబడుతోందని ఈమె కూడా అదే సీసాలోది తలకు రాసుకుంటున్నారు.

చివర్లో ఒక వాక్యం: "పీరియడ్స్ రెండు మూడు నెలలకోసారి వస్తాయి, మొదటినుంచీ అంతే, అందుకని పట్టించుకోలేదు."

ఈమె అడిగినవి మూడు. నా ఒంట్లో మగ హార్మోన్ ఉందా? లేజర్ చేయించుకోవచ్చా? ఆయనకు చెప్పాలా?

*

ముందు ఆ క్లాసు గురించి మాట్లాడాలి. మిగతా విషయాలకన్నా అదే మిమ్మల్ని ఎక్కువ నొప్పించిందని ఉత్తరం చూస్తేనే తెలుస్తోంది. 2024లో ఉత్తరప్రదేశ్ పదో తరగతి పరీక్షల్లో రాష్ట్రం మొత్తానికి మొదటి స్థానం తెచ్చుకున్న అమ్మాయి ఫొటో పేపర్లలో వస్తే, మార్కులు పక్కనపెట్టి ఆ పిల్ల పైపెదవి మీద వెంట్రుకల గురించి వేలమంది కామెంట్లు పెట్టారు. పదో తరగతి పిల్ల! అప్పుడు నాకొచ్చిన కోపమే మీ ఉత్తరం చదివినప్పుడూ వచ్చింది. మీరు ఆ రోజు బోర్డు వైపు తిరిగి నిలబడ్డారు, నిజమే. కానీ బ్యాలెన్స్ షీట్ పూర్తి చేశారు. మర్నాడు మళ్లీ అదే క్లాసుకు వెళ్లారు కూడా. అది చిన్న విషయమని మీరు అనుకోవద్దు.

ఇక మీ మొదటి ప్రశ్న. అవును, మీ ఒంట్లో మగ హార్మోన్ ఉంది. నా ఒంట్లో ఉంది, మీ అమ్మగారి ఒంట్లో ఉంది. టెస్టోస్టిరాన్, దాని కుటుంబానికి చెందిన మిగతా ఆండ్రోజన్లు ప్రతి ఆడదానిలోనూ తయారవుతాయి. కొంత అండాశయాల్లో, కొంత మూత్రపిండాల పైన ఉండే అడ్రినల్ గ్రంథుల్లో, మిగతాది కొవ్వులో, చర్మంలో. మగవాళ్ల రక్తంలో టెస్టోస్టిరాన్ సుమారుగా 300 నుంచి 1000 నానోగ్రాముల దాకా ఉంటే, మనకు 15 నుంచి 70 దాకా ఉంటుంది (డెసిలీటరుకు లెక్క, ల్యాబును బట్టి అంకెలు కాస్త మారతాయి). 'మగ హార్మోన్' అని పేరు పెట్టడం వల్ల వచ్చిన చిక్కే ఇదంతా. ఆ పేరు వినగానే ఆడతనంలో ఏదో తేడా ఉందన్నట్టు అనిపిస్తుంది. అలాంటిదేమీ లేదు.

ముఖం మీద పుట్టినప్పటి నుంచీ అందరికీ నూగు ఉంటుంది. ఆ నూగు వెంట్రుక కుదురుకు ఆండ్రోజన్ తగిలితే అది నల్లగా, లావుగా, పొడుగ్గా మారుతుంది. అబ్బాయిలకు పద్నాలుగు పదిహేనేళ్లప్పుడు జరిగేది ఇదే. ఎంత గడ్డం వస్తుందన్నది రెండిటి మీద ఆధారపడి ఉంటుంది: రక్తంలో హార్మోన్ ఎంత ఉంది, కుదురు దానికి ఎంతగా స్పందిస్తుంది. ఈ రెండోది చాలావరకు వంశం నుంచి వస్తుంది. అందుకే హార్మోన్లు పూర్తిగా నార్మల్‌గా ఉన్న ఆడవాళ్లకీ గడ్డం మీద వెంట్రుకలు రావచ్చు, టెస్టోస్టిరాన్ దండిగా ఉన్న మగవాడికీ గడ్డం పలచగా ఉండొచ్చు. మీ తమ్ముడి వాటా మీకేమీ రాలేదు. అతని కుదుళ్లు నెమ్మదివి, మీవి చురుకైనవి, అంతే. ఒకే తల్లి పిల్లల్లో ఒకరికి ఉంగరాల జుట్టు, ఒకరికి సాఫీ జుట్టు రావడం లేదా?

ఇంకో విచిత్రం ఉంది. టెస్టోస్టిరాన్ చర్మంలో డీహెచ్‌టీ అనే మరింత ఘాటైన రూపంలోకి మారుతుంది. గడ్డం కుదుళ్లకు అది ఎరువు లాంటిది. నెత్తిమీద, ముఖ్యంగా ముందు భాగంలో, అదే హార్మోన్ కుదుళ్లను కుదించేస్తుంది. గడ్డం దట్టంగా ఉన్న మగవాళ్లకు నడినెత్తిన బట్టతల చూస్తుంటాం కదా. మీకు గడ్డం మీద పెరగడం, పాపిడి దగ్గర పలచబడటం రెండు వేర్వేరు సమస్యలని మీరు విడివిడిగా రాశారు. అవి రెండూ ఒకే తీగకు కాసినవి అయ్యుండొచ్చు.

కానీ చెంపల మీద, కణతల దగ్గర వచ్చినవి మాత్రం వేరే కథ అని నా అనుమానం. మీరే రాశారు: గడ్డం మీదవి ఎనిమిదేళ్లుగా ఉన్నాయి, నల్లగా, ముల్లులా ఉంటాయి. చెంపల మీదవి ఐదు నెలలవి, మెత్తగా, పొడుగ్గా ఉంటాయి. తమ్ముడి సీసా ఎప్పటినుంచి వాడుతున్నారో చెప్పలేదు గానీ, ఒకసారి వెనక్కి లెక్కపెట్టి చూడండి. మినాక్సిడిల్ తలకు రాసుకునే ఆడవాళ్లలో కొందరికి చెంపల మీద, నుదుటి అంచున, కణతల దగ్గర వెంట్రుకలు పెరగడం బాగా తెలిసిన సంగతే. మగవాళ్లకు అమ్మే 5 శాతం ద్రావణంలో అది ఎక్కువ. నుదుటి మీదికి జారుతుంది, చేతికి అంటుతుంది, దిండుకు అంటి దిండు నుంచి చెంపకు అంటుతుంది. మీకు హార్మోన్ల తేడా ఉన్నా లేకపోయినా ఇది జరగొచ్చు. మంచి విషయం ఏమిటంటే, మందు ఆపితే ఒకటి నుంచి ఆరు నెలల్లో ఈ రకం వెంట్రుకలు వాటంతటవే పోతాయి. ఇబ్బంది ఏమిటంటే, దానివల్ల తలమీద వచ్చిన లాభం కూడా కొన్ని నెలల్లో పోతుంది. మానేయాలా, ఆడవాళ్లకు తగిన మోతాదులో జాగ్రత్తగా కొనసాగించాలా అన్నది చర్మవ్యాధుల డాక్టర్‌తో మాట్లాడి నిర్ణయించుకోండి. ఎలా చూసినా ఆ సీసా మాత్రం తమ్ముడికి తిరిగిచ్చేయండి. గర్భం కోసం ప్రయత్నించేటప్పుడు అది వాడకూడదు కూడా.

ఇంకో మాట అడగాలి. నల్లమచ్చలకు మెడికల్ షాపులో ఏదైనా క్రీము కొని రాస్తున్నారా? తెల్లబడతారని చేతులు మారే ట్యూబుల్లో చాలావాటిలో స్టిరాయిడ్ ఉంటుంది. చీటీ లేకుండా అమ్మకూడని మందది. నెలల తరబడి రాస్తే చర్మం పలచబడి, ఎర్రబడి, దాని మీదే వెంట్రుకలు మొలుస్తాయి. అలాంటిదేమైనా వాడుతుంటే హఠాత్తుగా ఆపకండి, ముఖం భగ్గుమంటుంది. ట్యూబు తీసుకెళ్లి డాక్టర్‌కు చూపించండి.

ఇప్పుడు ఆ చివరి వాక్యం దగ్గరికి వస్తాను. గడ్డం గురించి మూడు పేజీలు రాశారు, నెలసరి గురించి ఒక్క వాక్యం. నాకు మాత్రం ఉత్తరంలో అన్నిటికన్నా ముఖ్యమైనది అదే. ఓపీలో ఇది రోజూ చూసేదే. అమ్మాయి చున్నీ అంచు గడ్డం దాకా లాక్కుని కూర్చుంటుంది, మాట్లాడుతున్నంతసేపూ ఒక చెయ్యి గడ్డం మీదే ఉంటుంది. అన్నీ చెప్పేసి లేచి వెళ్లబోతూ "నెల నెలా రాదు మేడమ్, అది మామూలే" అంటుంది.

అది మామూలు కాదమ్మా. రెండు మూడు నెలలకోసారి నెలసరి, ముఖం మీద నల్లటి వెంట్రుకలు, పాపిడి పలచబడటం, ఇంట్లో షుగర్. ఈ నాలుగూ కలిస్తే మొదట గుర్తొచ్చేది పీసీఓఎస్ (పాలీసిస్టిక్ ఓవరీ సిండ్రోమ్) అనే హార్మోన్ల సమస్య. మన వైపు 'అండాశయంలో నీటిబుడగలు' అంటారు. నిజానికి అవి బుడగలు కావు, పెరుగుదల మధ్యలో ఆగిపోయిన చిన్న చిన్న అండాల తిత్తులు. పిల్లలు కనే వయసులో ఉన్న ఆడవాళ్లలో నూటికి 6 నుంచి 13 మందికి ఇది ఉంటుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క. వాళ్లలో చాలామందికి ఉన్నట్టే తెలియదు. ముఖం మీద వెంట్రుకలతో వచ్చే ఆడవాళ్లలో ఎక్కువమందికి కారణం ఇదే.

మీ నాన్నగారి షుగర్‌కూ మీ గడ్డానికీ సంబంధం ఏమిటని అనిపించొచ్చు. ఉంది. కొందరి శరీరం ఇన్సులిన్ మాట సరిగా వినదు. అప్పుడు క్లోమం మరింత ఇన్సులిన్ వదులుతుంది. ఆ ఎక్కువైన ఇన్సులిన్ అండాశయాన్ని తట్టి ఎక్కువ ఆండ్రోజన్ తయారుచేయిస్తుంది. అదీకాక, రక్తంలో టెస్టోస్టిరాన్‌ను పట్టి ఉంచే ఒక ప్రొటీన్ కాలేయంలో తయారవుతుంది, ఎక్కువైన ఇన్సులిన్ దాన్ని తగ్గించేస్తుంది. పట్టి ఉంచేది తగ్గితే విడిగా తిరిగే హార్మోన్ పెరుగుతుంది, కుదురుకు తగిలేది అదే. మొత్తం టెస్టోస్టిరాన్ నార్మల్ అని రిపోర్టు వచ్చినా వెంట్రుకలు పెరుగుతూ ఉండటానికి ఇదొక కారణం. ఒకసారి మెడ వెనక అద్దంలో చూసుకోండి. చర్మం నల్లగా, మందంగా, మఖమల్ గుడ్డలా ఉంటే, ఎంత రుద్దినా పోకపోతే, అది మురికి కాదు, ఇన్సులిన్ ఇచ్చే గుర్తు. అలా లేకపోయినా షుగర్ పరీక్ష మాత్రం మానొద్దు.

అంతా పీసీఓఎసే అని నేను ఇక్కడ కూర్చుని తేల్చలేను. థైరాయిడ్, ప్రొలాక్టిన్ అనే హార్మోన్ల తేడాల వల్లా నెలసరి తప్పుతుంది. అడ్రినల్ గ్రంథిలో పుట్టుకతో వచ్చే ఒక స్వల్ప లోపం అచ్చం పీసీఓఎస్‌లాగే కనిపిస్తుంది, దానికి పొద్దున్నే తీసే 17-హైడ్రాక్సీ ప్రొజెస్టిరాన్ పరీక్ష ఉంది. మూర్ఛకు వాడే కొన్ని మందుల వల్ల కూడా ఇలా రావొచ్చు. కాబట్టి గైనకాలజిస్టునో, ఎండోక్రైనాలజిస్టునో (హార్మోన్ల డాక్టర్) కలవండి. వీలైతే నెలసరి వచ్చిన రెండో రోజు నుంచి ఐదో రోజులోపు, ఉదయం పూట రక్తం ఇవ్వడం మేలు. టెస్టోస్టిరాన్, థైరాయిడ్, ప్రొలాక్టిన్, గ్లూకోజ్ తాగించి చేసే షుగర్ పరీక్ష, కొలెస్ట్రాల్, ఒక స్కానింగ్: సాధారణంగా అడిగేవి ఇవి. వెళ్లే రోజు గడ్డం పూర్తిగా శుభ్రం చేసుకుని వెళ్లకండి, వెంట్రుకలు ఎక్కడ ఎలా ఉన్నాయో డాక్టర్ చూడాలి. 1961లో ఫెర్రిమన్, గాల్వే అనే ఇద్దరు డాక్టర్లు దీనికి మార్కులు వేసే పద్ధతి పెట్టారు. ఇప్పుడు పైపెదవి, గడ్డం, పొట్ట, తొడలు ఇలా తొమ్మిది చోట్ల చూసి, ఒక్కోదానికి సున్నా నుంచి నాలుగు దాకా వేస్తారు. ఆరు నెలల తర్వాత మందు పనిచేసిందో లేదో తెలియాలంటే మొదటి రోజు మార్కులు ఉండాలి.

ఒక్క విషయంలో మాత్రం ఆలస్యం వద్దు. వెంట్రుకలు కొద్ది నెలల్లోనే విపరీతంగా పెరిగినా, గొంతు మగగొంతులా బరువెక్కినా, ఒంటి మీద ఊదారంగు చారలు వచ్చి ముఖం గుండ్రంగా ఉబ్బినా వెంటనే చూపించుకోవాలి. అరుదే గానీ, అండాశయంలోనో అడ్రినల్ గ్రంథిలోనో గడ్డ ఉంటే ఇలా జరుగుతుంది. మీది ఎనిమిదేళ్లుగా నెమ్మదిగా వచ్చింది, అది భయపడాల్సిన తీరు కాదు.

అమ్మగారి మాటల్లో సగం నిజముంది. మేనత్తకూ ఉండేదంటే అది వంశంలో ఉన్నదే. ఆవిడ కాపురం చేసుకున్నారు, అదీ నిజమే. కానీ పెళ్లయితే సర్దుకుంటుందన్నది మాత్రం నిజం కాదు. తాళి కట్టించుకున్నంత మాత్రాన అండాశయం తీరు మారదు. హార్మోన్ మాత్రలు మింగితే పిల్లలు పుట్టరన్న భయం కూడా నిజం కాదు. గర్భనిరోధక మాత్రలు వాడినన్నాళ్లు గర్భం రాదు, ఆపితే మళ్లీ మామూలే. అసలు పిల్లల విషయంలో జాగ్రత్తపడాల్సింది ఇప్పుడున్న స్థితి గురించి: నెలసరి సరిగా రావడం లేదంటే అండం సరిగా విడుదల కావడం లేదన్నమాట. నెలల తరబడి నెలసరి రాకపోతే గర్భసంచి లోపలి పొర మందంగా పేరుకుపోతుంది, ఏళ్లు గడిస్తే దానివల్ల ప్రమాదం ఉంది. మూడు నెలలు దాటకుండా నెలసరి వచ్చేలా చూసుకోవాలని డాక్టర్లు చెప్పేది అందుకే. అమ్మగారిని డాక్టర్ దగ్గరికి తోడు తీసుకెళ్లండి. 'గడ్డం కోసం' అని అడిగితే వద్దంటారు. 'నెలసరి సరిగా రావడం లేదు, పెళ్లికి ముందు చూపించుకుంటాను' అని అడిగి చూడండి. అందులో అబద్ధం కూడా లేదు.

మందుల విషయంలో మీ పెళ్లి తేదీ చాలా ముఖ్యం. వెంట్రుకలకు మొదట ఇచ్చేది సాధారణంగా గర్భనిరోధక మాత్రలే. ఆండ్రోజన్‌ను తగ్గిస్తాయి, నెలసరిని క్రమంలో పెడతాయి. అందరికీ పడవు. ఒకరకం పార్శ్వపు నొప్పి, బీపీ, ఇంట్లో ఎవరికైనా రక్తం గడ్డకట్టిన చరిత్ర ఉంటే డాక్టర్‌కు ముందే చెప్పాలి. దాంతో చాలకపోతే స్పైరనోలాక్టోన్ అనే మందు కలుపుతారు. అది వాడుతుండగా గర్భం వస్తే, కడుపులో ఉన్నది మగబిడ్డ అయితే ఎదుగుదల దెబ్బతినే ప్రమాదం ఉంది. అందుకే అది వాడేవాళ్లు గర్భం రాకుండా తప్పనిసరిగా జాగ్రత్త పడాలి. పెళ్లయ్యాక ఒకటి రెండేళ్లు ఆగుదామనుకుంటే ఈ దారి మీకు సరిపోతుంది. వెంటనే పిల్లలు కావాలనుకుంటే ఈ మందులేవీ కుదరవు. అప్పుడు బరువు, షుగర్, నెలసరి మీద పని చేసి, అండం విడుదలకు మాత్రలు వాడతారు, చాలామందికి వాటితోనే గర్భం వస్తుంది. వెంట్రుకలకు పైపై పద్ధతులే గతి. ఈ రెండిట్లో ఏది అన్నది మీ ఒక్కరి నిర్ణయం కాదు, ఆయనది కూడా. మీ మూడో ప్రశ్నకు సగం జవాబు ఇక్కడే ఉంది.

బరువు ఎక్కువుంటే అందులో 5 నుంచి 10 శాతం తగ్గినా నెలసరిలో తేడా కనిపిస్తుంది. బరువు ఎంతో మీరు రాయలేదు. సన్నగా ఉన్నవాళ్లకూ పీసీఓఎస్ వస్తుంది, కాబట్టి దీని గురించి ఎక్కువ చెప్పను. రాత్రి పూట అన్నం కాస్త తగ్గించి పప్పు, కూర పెంచడం, కాలేజీకి వెళ్లేటప్పుడు కొంత దూరం నడవడం ఎవరికైనా మంచిదే.

ఏ మందు మొదలుపెట్టినా వెంట్రుకల్లో తేడా తెలియడానికి కనీసం ఆరు నెలలు పడుతుంది. ఒకసారి నల్లబడిన వెంట్రుక తన కాలం పూర్తిచేసుకుని రాలేదాకా మందు దాన్నేమీ చేయలేదు, తర్వాత వచ్చేదాన్ని సన్నబరుస్తుంది. అంటే మాఘమాసం లోపు మాత్రలతో అద్భుతమేమీ జరగదు. ముందే తెలిస్తే నిరాశపడరు.

ఈలోపు ఏం చేయాలి? ముందుగా ప్లక్కర్ పక్కన పెట్టండి. మీ మచ్చలకు, పొక్కులకు కారణం వెంట్రుకలకన్నా ఆ పీకుడే. రేజర్ వాడండి. రేజర్ పెడితే గడ్డం దట్టమవుతుందని మీకు చెప్పని వాళ్లుండరు. మిల్డ్రెడ్ ట్రాటర్ అనే అమెరికన్ శాస్త్రవేత్త 1928లోనే దీన్ని కొలిచి చూశారు. గీసినందువల్ల వెంట్రుక లావూ పెరగలేదు, వేగమూ పెరగలేదు. మరి గరుగ్గా ఎందుకు తగులుతుంది? కోత అయ్యాక వరి చేలో నడిచి చూడండి, కొయ్యకాళ్లు కాలికి ఎలా గుచ్చుకుంటాయో. పైరు లావెక్కలేదు, తెగిన కొస మొద్దుగా ఉంది. వెంట్రుకా అంతే. స్నానం అయ్యాక, చర్మం మెత్తగా ఉన్నప్పుడు, కొత్త బ్లేడుతో, వెంట్రుక వాలు వెంబడి గీయండి. మీ నలభై నిమిషాల్లో ముప్ఫై ఐదు నిద్రకు మిగులుతాయి. త్రెడ్డింగ్ పైపెదవికి పరవాలేదు, పొక్కులున్న గడ్డానికి వద్దు. పసుపు చర్మానికి మంచిదేమో గానీ, ముదిరిన నల్లటి వెంట్రుకను ఆపలేదు. సున్నిపిండితో గట్టిగా రుద్దితే ఉన్న మచ్చలు ఇంకా నల్లబడతాయి.

లేజర్ మంచి పద్ధతే. నల్లటి, లావాటి వెంట్రుకలున్న మీలాంటి వాళ్లకు బాగా పనిచేస్తుంది. మీకు చెప్పిన రెండు మాటలు మాత్రం సరైనవి కావు. మొదటిది 'శాశ్వతంగా'. అమెరికాలో మందులను, వైద్య పరికరాలను నియంత్రించే ఎఫ్‌డీఏ కూడా లేజర్‌కు 'శాశ్వత తగ్గింపు' అన్న మాటనే ఒప్పుకుంటుంది, పూర్తిగా పోవడం అనదు. లోపల హార్మోన్ల సమస్య అలాగే ఉంటే, ఇవాళ నూగుగా ఉన్నది రేపు నల్లబడుతుంది, ఏడాదికి ఒకటి రెండుసార్లు మళ్లీ వెళ్లాల్సి రావొచ్చు. రెండోది 'దసరాలోపు'. ఆ తొందర వాళ్లది, మీది కాదు. ప్యాకేజీకి కాకుండా సిట్టింగుకు డబ్బు కట్టే చోటు చూసుకోండి. చర్మవ్యాధుల డాక్టర్ ఉన్నచోట చేయించుకోండి. మన చామనఛాయ, నలుపు చర్మానికి ఎన్‌డీ-యాగ్ అనే రకం యంత్రం క్షేమం, మిగతావి జాగ్రత్తగా వాడకపోతే కాలిన మచ్చలు పడతాయి. ముందు చిన్నచోట పరీక్షించి చూడమని అడగండి. ఒక సంగతి సాధారణంగా ఎవరూ చెప్పరు: కొందరికి, ముఖ్యంగా ముఖం మీద, హార్మోన్ల తేడా ఉన్నవాళ్లకు, లేజర్ చేసిన చోటు చుట్టూ వెంట్రుకలు ఇంకా పెరుగుతాయి. ఎక్కువమందికి జరగదు గానీ జరుగుతుంది. చెంపల మీది మెత్తటి వెంట్రుకలకు లేజర్ వద్దనడానికి ఇది ఒక కారణం, అవి మినాక్సిడిల్ ఆపితే పోవచ్చన్నది ఇంకో కారణం.

సిట్టింగుకూ సిట్టింగుకూ నాలుగు నుంచి ఆరు వారాలు. ముందు నెల రోజులు పీకకూడదు, లేజర్‌కు కుదురులో వెంట్రుక ఉండాలి. గీసుకోవచ్చు. అంటే పెళ్లిలోపు మూడు, మహా అయితే నాలుగు పడతాయి, వాటితోనే బాగా తేడా తెలుస్తుంది. చివరిది పెళ్లికి కనీసం నెల ముందే అయిపోవాలి. పెళ్లికూతుర్ని చేసే రోజు అత్తయ్యలు, పిన్నులు నలుగు పెట్టి రుద్దుతారు. లేజర్ చేసిన చర్మం మీద ఆ రాపిడి పడకూడదు.

ఏమీ చేయకుండా వదిలేసే దారి కూడా ఉంది. ఇంగ్లండ్‌లో హర్నామ్ కౌర్ అనే సిక్కు యువతి పీసీఓఎస్ వల్ల వచ్చిన గడ్డాన్ని తీయడం మానేసి, నిండు గడ్డంతోనే బతకాలని నిర్ణయించుకుంది, గిన్నిస్ రికార్డు కూడా ఇచ్చారు. మీరూ అలా చేయాలని అనడం లేదు. వెంట్రుకలు తీయడం మీ ఇష్టమే గానీ మీరు చేసి తీరాల్సిన పని కాదని గుర్తుచేస్తున్నాను. నెలసరికి, షుగర్‌కు మాత్రం ఆ వెసులుబాటు లేదు.

ఇక ఆయనకు చెప్పడం. దీన్ని రెండుగా విడదీసి చూడండి. ముఖం మీద వెంట్రుకలు ఉన్నాయన్నది మీరు ఎవరికీ అప్పగించాల్సిన లెక్క కాదు. ఎవరు ఏం గీసుకుంటారన్నది వాళ్ల సొంత విషయం. నెలసరి సరిగా రాకపోవడం, మందులు వాడాల్సి రావడం, పిల్లల కోసం ప్రణాళిక వేసుకోవాల్సి రావడం మాత్రం ఇద్దరికీ సంబంధించినవి.

చెప్పకుండా ఉండొచ్చు. చాలామంది అలాగే ఉంటారు. అలా ఉంటే పెళ్లయ్యాక ఒకే గదిలో ఆయనకన్నా ముందు లేవాలి, మాత్రలు ఎక్కడో దాచాలి, ఏడాదికి పిల్లల గురించి అత్తగారు అడిగినప్పుడు జవాబు మీరొక్కరే వెతుక్కోవాలి. వీడియో కాల్‌లో లైటు వెనక కూర్చోవడమే మీకిప్పుడు ఇంత భారంగా ఉంది. పెళ్లయ్యాక చెప్పొచ్చు. అప్పుడు ఆయన మంచివాడైతే అర్థం చేసుకుంటాడు, కానీ "నీకు ముందే తెలుసు కదా" అన్న మాట ఎప్పుడో ఒకప్పుడు రావొచ్చు. ముందే చెబితే సంబంధం వెనక్కి పోయే అవకాశం ఉంది, అది దాచిపెట్టి మాట్లాడను. అమ్మగారి భయమూ అదే. నిశ్చితార్థం అయ్యాక సంబంధం తప్పిపోతే మన ఊళ్లలో మాటలు పడేది ఆడపిల్ల ఇల్లే.

నన్నడిగితే, పరీక్షలు చేయించుకుని రిపోర్టులు చేతికొచ్చాక, పత్రికలు అచ్చు వేయించకముందే చెప్పడం మేలనిపిస్తుంది. ఆయనకు మాత్రమే, ఇంటిల్లిపాదికీ కాదు. ఏడుస్తూనో, క్షమించమన్నట్టుగానో అక్కర్లేదు. "నాకు హార్మోన్ల సమస్య ఉంది. నెలసరి సరిగా రాదు, ముఖం మీద వెంట్రుకలు వస్తాయి. డాక్టర్ మందులు ఇచ్చారు. పిల్లల గురించి ఎప్పుడు అనుకుందామన్నది దాన్ని బట్టి చూసుకోవాలి." ఇంతే. ఆయన ఏమంటాడో విని, రెండు రోజులు సమయం ఇవ్వండి. కొత్త విషయం విన్న మనిషి మొదట అనే మాట ఆఖరి మాట కాకపోవచ్చు. రిపోర్టుల్లో ఏమీ లేదని, కేవలం వంశంలో వచ్చిన వెంట్రుకలేనని తేలితే చెప్పాల్సిన అవసరమే తగ్గిపోతుంది. చివరికి నిర్ణయం మీదే. ఆ ఇంట్లో బతకబోయేది మీరు.

ఉత్తరంలో అడగకపోయినా తమ్ముడి గురించీ ఒక మాట. ఇరవై ఒకటికి గడ్డం నిండకపోవడం పెద్ద విషయం కాదు. చాలామంది అబ్బాయిలకు ఇరవై ఐదు దాటాక కూడా గడ్డం చిక్కబడుతూనే ఉంటుంది. గొంతు మారింది, చంకల్లో వెంట్రుకలు వచ్చాయి, కండపట్టు ఉంది అంటే హార్మోన్ తన పని తాను చేసినట్టే. అవేవీ జరగకపోతేనే డాక్టర్‌కు చూపించాలి. జిమ్‌లో ఎవరైనా టెస్టోస్టిరాన్ ఇంజక్షన్ పొడిపించుకోమంటే మాత్రం వద్దని గట్టిగా చెప్పండి. బయటినుంచి హార్మోన్ ఎక్కితే శరీరం తన సొంత తయారీ ఆపేస్తుంది, వీర్యకణాలు తగ్గిపోతాయి. చుట్టాలు మీ ఇద్దర్నీ పక్కపక్కన నిలబెట్టి అన్న మాట మీకు తగిలినట్టే అతనికీ తగిలే ఉంటుంది. సీసా తిరిగిచ్చేటప్పుడు ఈ సంగతులన్నీ అతనికి చెప్పండి.